పదునొకండు చిత్రముల యశస్సు

దర్శకుని ఘనతను ఆతడు తీసిన చిత్రముల సంఖ్యనుబట్టియు, అవి రాబట్టిన ధనమునుబట్టియు నిర్ణయించు నేటి కాలమున, 1939 మొదలు 1969 వరకు ముప్పది యేండ్లలో పదునొకండు చిత్రములకు మాత్రమే దర్శకత్వము వహించి, దక్షిణాది చిత్రరంగమునుండి దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారమును మొట్టమొదట నందుకొనిన బొమ్మిరెడ్డి నరసింహారెడ్డిగారు మన పులివెందుల తాలూకావారే యని వేంపల్లె పాఠకులలో నెందరెరుగుదురో చెప్పజాలము.

1908 నవంబరు 16న కొత్తపల్లెలో జన్మించిన బి.ఎన్. గారు మద్రాసు చేరి, ముద్రణాలయ నిర్వహణమునుండి చిత్రరంగమునకు మరలి, హెచ్.ఎం. రెడ్డిగారి ‘గృహలక్ష్మి’ (1938) నిర్మాణమున పాలుపంచుకొని, మరుసటి యేట మూలా నారాయణస్వామిగారి అండతో నెలకొనిన వాహినీ సంస్థకు ‘వందేమాతరం’ తీసిరి. పౌరాణికములకే పెట్టుబడి దొరకుచుండిన ఆ దినములలో, గూడవల్లి రామబ్రహ్మంగారు ‘మాలపిల్ల’తో తెరచిన త్రోవను విడువక, ‘వందేమాతరం’లో నిరుద్యోగమును, ‘సుమంగళి’ (1940)లో వితంతు వివాహమును, ‘దేవత’ (1941)లో వంచితయైన పనిపిల్ల గౌరవమును వస్తువులుగా గైకొనుట సామాన్య సాహసము కాదు.

హంగరీ దర్శకుడు మిక్లోష్ యాంచో తన దేశపు గడ్డిమైదానములను తెరపై పాత్రలవలె నిలిపెను; కాని బి.ఎన్. గారి చిత్రములలో మన మెట్టభూములు అట్లు కానరావు. అయినను, నాయిక బావ పరిహాసమున కాడిన మాటను కృష్ణదేవరాయలు మన్నించి ఆమెకు పల్లకి నంపగా, తల్లి భాగ్యమని మురిసిన ఆ గౌరవమే కూతునకు చెరయైన ‘మల్లీశ్వరి’ (1951) కథలో, ప్రభువుల వరము సామాన్యున కెట్లు శాపమగునో చూపిన దృష్టి ఈ నేలకు పరాయిది కాదు. దేవులపల్లి కృష్ణశాస్త్రిగారి మాటలును, సాలూరి రాజేశ్వరరావుగారి స్వరములును ఆ దృష్టికి లోబడియే శోభించినవి. జార్జి ఎలియట్ నవల ‘బంగారుపాప’గా తెలుగింటి బిడ్డయైనది. ‘రాజమకుటం’ (1960) ఆయన స్వభావమునకు కొంత దూరమే యని మా యభిప్రాయము. కాని ‘రంగుల రాట్నం’ (1966)లో ఎన్నికల రాజకీయము ఇంటి గడప దాటి లోనికి వచ్చిన తీరును, ఆ వేడిని ఎరిగిన మన సీమవారు ఇప్పుడైనను చూచి ఆలోచింపదగును.

తమ్ముడు నాగిరెడ్డిగారి ‘విజయా’ వైభవమును, ‘చందమామ’ను తలచుకొను మనము, అన్నగారి ఈ మితమైన కృషిని మరచుట న్యాయము కాదు. 1977 నవంబరు 8న బి.ఎన్. గారు కన్నుమూసిరి. ఆయన శతజయంతి వత్సరమైన 2008లోనే మన ఇడుపులపాయ సాంకేతిక విద్యాలయము వెలసినది. ఆ విద్యార్థులును, వేంపల్లెలోని కళాశాలలును, గ్రంథాలయమును కలసి ఏటేట నవంబరు 16న ఆయన చిత్ర మొక్కటి ప్రదర్శించి, దాని గుణదోషములను బహిరంగముగా చర్చింపవలెనని మా విన్నపము; ఇందుకు పెద్ద ధనమక్కరలేదు, పూనిక చాలును.