యంత్రవీరులతో మా ఆదివారములు



పిల్లల కాలక్షేపములను గూర్చి ఈ శీర్షికలో వ్రాయవలసినదని మీలో కొందరు కోరియున్నారు. వ్రాయుటకు కూర్చుండగా కలము మా యింటి రచ్చవైపునకే మరలుచున్నది. దాచి ప్రయోజనమేమి? మొన్నటి సంక్రాంతి మొదలు పరీక్షలు ముగియువరకు తిరువూరులోని మా యింట ఒక యుద్ధము నడచినది. ఒక ప్రక్క మా కోడలు, రెండవ ప్రక్క పదవ తరగతి చదువుచున్న మా మనుమరాలు. నడుమ నేను, అనగా ఇరువురి ఫిర్యాదులను వినవలసిన ముసలిదానను. కారణము జపానువారు కల్పించిన యొక కంప్యూటరు ఆట. పేరు సూపర్ రోబో వార్స్.

మా అబ్బాయికి హైదరాబాదులో ఉద్యోగము. నెలకొకమారు వచ్చిపోవును. దసరాకు వచ్చినపుడు తన పాత కంప్యూటరును కూతురికిచ్చి, అందులో ఈ ఆటను కొని పెట్టి పోయెను. పండుగ వెళ్లిన మరునాడు కోడలు వంటయింటి గడపలో నిలిచి, “అత్తయ్యగారూ, పరీక్షలకు రెండు నెలలున్నవి. పిల్ల ఆ యినుప రాక్షసుల యెదుట కూర్చుండి ఏమో గొణుగుకొనుచున్నది. కంప్యూటరును అటక యెక్కించెదను. మీరు అడ్డు చెప్పకండి” అనెను.

ఆమె భయము ఊరక పుట్టినది కాదు. ఆట యనగానే ఆమెకు ఫోనులోని రమ్మీ జ్ఞప్తికి వచ్చును. పుట్టింటివైపు ఒకరు ఆ పేకాటకు పొలము తాకట్టు పెట్టినారు. మన రాష్ట్రములో 2020లోనే అట్టి ఆన్‌లైను జూదమును నిషేధించిరి. 2025లో పార్లమెంటు డబ్బుతో ఆడు ఆన్‌లైను ఆటలను దేశమంతటను నిషేధించుచు చట్టము చేసినది. కాని మా మనుమరాలి ఆట ఆ జాతిది కాదు. పందెము లేదు, గెలిచిన సొమ్ము లేదు, అవతల కూర్చుండి ఆడు పరాయి మనిషియు లేడు. ఈ సంగతి కోడలికి చెప్పవలెనన్నచో ముందు నాకు తెలియవలెను గదా! ఒక ఆదివారము మధ్యాహ్నము కండ్లజోడు సర్దుకొని, పిల్ల ప్రక్కకు కుర్చీ లాగికొని కూర్చుంటిని.

జపానులో మెకా యను కథాజాతి యొకటి కలదు. కొండంత యంత్రపురుషుని లోపల మనిషి కూర్చుండి నడపుట అందలి ముఖ్యవిషయము. 1972లో గో నగాయ్ అను చిత్రకథకుడు ‘మాజింగర్ జెడ్’ అను కథతో ఈ పోకడకు దారి వేసెను. అందు తాత కట్టిన యంత్రమును మనుమడు నడపును. (తాతలు మనుమలకిచ్చు కానుకలలో ఇది కొంత పెద్దదియే.) 1974లో ‘గెట్టర్ రోబో’, 1979లో ‘గండం’ వచ్చినవి. ఈ కడపటి పేరును జపానువారు అచ్చముగా ‘గండము’ అనియే పలుకుదురు. అది విని మా కోడలు, “పేరులోనే ఉన్నది” అని లోపలికి పోయెను.

ఈ కథలన్నియు వేర్వేరు వారివి. ఒకదాని లోకముతో మరియొకదానికి సంబంధము లేదు. 1991లో బాన్‌ప్రెస్టో అను సంస్థవారు ఈ వీరులను ఒకే రణరంగమునకు రప్పించి, చేతిలో ఇమిడెడు చిన్న ఆటయంత్రము కొరకు ఒక ఆటను కూర్చిరి. నాటినుండి ఆ వరుస సాగుచునే యున్నది.

ఒక కథలోని వీరుడు వేరొక కథలో కాలుపెట్టుట మనకు వింత గాదు. రామాయణములోని హనుమంతుడు, సౌగంధిక పుష్పమునకై పోవు భీముని దారికి అడ్డముగా తోక చాచి పండుకొనలేదా? శివధనుస్సు విరిచిన రాముని ఎదుట నిలిచిన పరశురాముడే భీష్మునితోను పోరినాడు. కృష్ణార్జునులకు యుద్ధము కల్పించిన చిలకమర్తివారి గయోపాఖ్యానమును చూచుటకు మన పెద్దలు బండ్లు కట్టుకొని పోయెడివారు. ఎవరు గెలుతురో అను ఆత్రముకంటె, ఎదురుపడినపుడు ఒకరితోనొకరు ఏమందురో అను ఆత్రమే అందు ఎక్కువ. జపానువారి యీ ఆటలోని రుచియు అదియే. యుద్ధము కొంత, మాటలు కొండంత. ఒక ఘట్టమున కత్తి దూయుటకు ముందు పావుగంట సంభాషణము నడచును. మనుమరాలు గొణుగుకొనుచున్నది ఆ సంభాషణమునే. వినిపించు గొంతులు జపానువి, తెరమీద అక్షరములు ఇంగ్లీషువి. అర్థమగునట్లు ఒక్కొక్క వాక్యమును పైకి చదువుకొనుచున్నది.

ఆడు విధము చదరంగమునకు దగ్గర. గళ్లు గీచిన నేల. మనవారందరు కదలిన పిదప శత్రువులు కదలుదురు. తొందర లేదు. కావలసిన చోట ఆపి, మరల ఆ చోటినుండియే సాగింపవచ్చును. చిన్నతనమున అరుగు మీద పులిజూదము ఆడినవారికి ఇది మరింత తేలికగా బోధపడును. అందు మూడు పులుల బలము వేరు, పదునైదు మేకల బలము వేరు; రెంటిని ఒకే తీరున నడపినవాడు ఓడును. ఇచ్చటను దెబ్బలకోర్చి నిలుచు బరువైన యంత్రములు కొన్ని, తగిలినచో నిలువలేక తప్పించుకొనుటయందే ఆరితేరినవి కొన్ని. ప్రక్క గడిలో నిలిచిన చెలికాడు ఒక్కొక్కప్పుడు ముందునకు వచ్చి మనవానికి తగులవలసిన దెబ్బను తానే కాచును. కూలిన యంత్రము పోదు. ఘట్టము ముగిసిన పిదప బాగుచేయించుటకు ఖర్చు పడును, అంతియే.

ప్రతి వీరునికి ‘మొరేల్’ అను కొలత యొకటి కలదు. సాధారణముగా 100తో మొదలై, పోరు సాగినకొలది పెరుగును. పెద్ద అస్త్రములకు 120, 130 వరకు రానిదే వీలుకాదు. మనుమరాలు నన్నడిగినది: “నాయనమ్మా, పాఠముల చివర వచ్చు మోరల్, ఇదియు ఒకటేనా?” ఒకటి నీతి, రెండవది గుండెదిటవు అని చెప్పితిని. బడిలో పదేండ్లుగా ఇంగ్లీషు చదువుచున్న పిల్లకు ఆ భేదము తెలియుటకు ఒక యినుపబొమ్మ కావలసివచ్చెను.

‘మెర్సీ’ అను ఆజ్ఞ నాకు మిక్కిలి నచ్చినది. ఆ మాటకు కనికరమని గదా అర్థము. ఇచ్చట అది చేయు పని యేమనగా, శత్రువును చంపక 10 పాళ్ల ప్రాణము మిగిల్చి విడుచుట. ఎందులకు? ఆ కడపటి దెబ్బను మనలోని పసివాడు కొట్టి అనుభవము గడించుటకు. పండుగనాడు బూరెల పూర్ణము తాను కలిపి, కడపటి వాయి కొత్తకోడలిచేత వేయించు అత్తగారికి ఈ కనికరము చక్కగా బోధపడును. శత్రువునకు మాత్రము ఇందు ఒరిగినదేమియు లేదు.

ఇక ఈ ఆట ఇంగ్లీషులోనికి వచ్చిన కథ. మా అబ్బాయి విజయవాడలో ఇంజనీరింగు చదువు రోజులలో, ఇరువది యేండ్ల క్రిందట, ఒక దుకాణములో పాత చేతియంత్రమును, ఈ వరుసలోని ఆట క్యాసెట్టును కొనితెచ్చెను. ఇంగ్లీషుదే యని దుకాణదారు నమ్మబలికెనట. తెరచి చూడగా మొదటినుండి చివరివరకు జపాను లిపి. తిరిగి పుచ్చుకొనుటకు అతడు ఒప్పుకొనలేదు. పిల్లవాడు ఏడ్చి, ఏడ్చి, దానినే ఆడుట మొదలుపెట్టెను. మొదటి వరుసలోని రెండవ మాట నొక్కిన దెబ్బ తప్పును, దాని క్రిందిది నొక్కిన గాయము మానును, అని చోట్లను గురుతు పెట్టుకొని ఆట ముగించెను. ఎవడు ఎవనితో ఏమన్నాడో ఒక్క ముక్కయు తెలియలేదు. వీరులందరు మూగవారైయుండగా నెలల తరబడి వారితో యుద్ధములు చేసెను.

అప్పుడు ఇంగ్లీషు ఏల లేదన్న, వీరులు ఒక్కొక్కరు ఒక్కొక్క యింటి బిడ్డలు. ఆటలో చేర్చుటకు ప్రతి యింటి అనుమతియు కావలెను. జపానులో పొందిన అనుమతి పరదేశములలో చెల్లదు. అచ్చట ఒకే కథకు వేరొక హక్కుదారుడుండవచ్చును. అందుచేత 2006లో మొదటిసారి అమెరికాలో ఇంగ్లీషున వెలువడినవి ‘ఒరిజినల్ జెనరేషన్’ అను రెండు భాగములు మాత్రమే. వానిలో అరువు వీరులు లేరు; ఆటలవారు స్వయముగా కల్పించుకొన్నవారే. అట్లసు అను సంస్థ వానిని అచ్చట ప్రకటించినది. జపాను తెలిసిన అభిమానులు కొందరు కూలి ఆశింపక పాత ఆటలను తామే ఇంగ్లీషు చేసి పంచిపెట్టిరి. 2016 మొదలుకొని ఆగ్నేయాసియా దేశముల కొరకు ఇంగ్లీషు ప్రతులు రాసాగినవి. 2017, 2018, 2019లలో ఏటికొకటి వచ్చినవి. తక్కిన దేశములవారు వానిని అచ్చటినుండి తెప్పించుకొనెడివారు. 2021 అక్టోబరులో, ముప్పదియేండ్ల పండుగకై వచ్చిన ‘సూపర్ రోబో వార్స్ 30’ మొదటిసారిగా అరువు వీరులందరితో కూడి, కంప్యూటరుపై ఆసియాకు వెలుపలివారును తిన్నగా కొని ఇంగ్లీషున ఆడుకొనునట్లు వెలువడెను. మా యింటిలోనిది ఇదియే. దీని తరువాతిది, ‘వై’ యను పేరుగలది, 2025 ఆగస్టు 28న వచ్చినది.

తెలుగులో లేదు. అందులకు చింతించుచు కూర్చుండుటకు నాకు తీరిక లేదు గాని, లేదన్నమాట చెప్పక మానలేను.

మూడవ ఆదివారము రాత్రి నేను కనిపెట్టిన సంగతి వేరు. భోజనములైన పిదప తండ్రి హైదరాబాదునుండి ఫోను చేయును. పాఠములను గూర్చి మాటలాడుచున్నారని కోడలు అనుకొనుచుండెను. నేనును అట్లే యనుకొంటిని. ఆనాడు మంచము దగ్గరకు జరిగి వింటిని. “నాన్నా, కోజి ఆ గండం పిల్లవానితో ఏమన్నాడో తెలుసా?” అని మొదలుపెట్టి, మధ్యాహ్నము చదివిన సంభాషణమంతయు తెలుగు చేసి చెప్పుచున్నది. నడుమ నడుమ, “ఈ మాటకు సరియైన తెలుగు దొరకలేదు, ఉండండి” అని తడుముకొనును. అవతల ముప్పదియెనిమిదేండ్ల మగవాడు, “అట్లనెనా! తరువాత?” అని చిన్నపిల్లవానివలె అడుగుచున్నాడు. ఇరువది యేండ్లు మూగవారైన వీరులు కూతురి నోట ఇప్పుడు అతనితో మాటలాడుచున్నారు. నెలకు రెండు దినములు కంటబడు తండ్రికిని, పదునైదేండ్ల పిల్లకును నడుమ వేరొక ముచ్చట అంతసేపు సాగుట నేను చూడలేదు. మార్కులెన్ని, భోంచేసితివా, అనునవి రెండు నిమిషములలో తీరిపోవును.

మరునాడు కోడలితో ఆటను గూర్చి వాదింపలేదు. విన్నది విన్నట్లు చెప్పితిని. ఆమె చాలసేపు బియ్యము చెరుగుచు ఏమియు అనలేదు.

నిషేధములను గూర్చి ఒక మాట. 1977 నాటి ‘వోల్టెస్ ఫైవ్’ అను యంత్రకథ ఫిలిప్పీన్సు దేశమున పిల్లలకు ప్రాణమైయుండగా, హింస హెచ్చుగనున్నదని పెద్దలు ఆక్షేపించిరి. 1979లో అధ్యక్షుడు మార్కోసు, కథ ముగియుటకు కొన్ని భాగములే మిగిలియుండగా, దానిని ఆపించెను. ఆ పిల్లలు పెద్దవారయ్యును ఆ చూడని చివరను మరువలేదు. 2023లో ఆ దేశపు టెలివిజనువారే దానిని మనుష్యనటులతో కొత్తగా తీసిరి.

అటులని నాకు ఆక్షేపణలు లేకపోలేదు. కొన్ని కథలలోని స్త్రీల వేషములు నేను మెచ్చను. మనుమరాలు కూడ ఆ బొమ్మలు వచ్చినపుడు మీట నొక్కి దాటించును. అసలు వెలగాక, అదనపు ఘట్టములు, అదనపు వీరులు అనుచు మరల మరల అమ్మజూతురు. అవి లేకయు కథ పూర్తియగును గనుక కొనుటకు ముందు పిల్లలతో మాట్లాడుకొనుడు. ఈ పేరుతోనే జపానులో ఫోను ఆటలు కూడ వచ్చినవి. వానిలో చీట్లు తీసినట్లు సొమ్ము వెచ్చించి వీరులను పొందవలెను. అది వేరు సంగతి, దాని జోలికి పోవలదు.

మా యింటి యొప్పందము ఇట్లున్నది. ఆదివారమునకు ఒక ఘట్టము. రాత్రి తండ్రికి చెప్పుట. ఫిబ్రవరి నడుమ మనుమరాలు తానే వచ్చి, పరీక్షలు ముగియువరకు కంప్యూటరు తెరవనని తల్లితో చెప్పినది. ఆ ఆదివారములలో తండ్రి పాత క్యాసెట్టు కథను తన ఊహకొలది చెప్పగా ఆమె నవ్వుచు దిద్దెను. ఫలితములు వచ్చినవి. మంచివే. వాని ఘనతను ఈ ఆటకు అంటగట్టను; తక్కువ వచ్చియున్నచో నిందయు అంటగట్టనిచ్చెడిదానను కాను.

ఇప్పుడు మామిడికాయల కాలము. మొన్నటి ఆదివారము వరండాలో ఆవపిండి కలుపుచుండగా లోపల ఆట నడచుచున్నది. ఆనాటి ఘట్టమున ‘మ్యాజిక్ నైట్ రేఅర్త్’ అను కథలోని ముగ్గురు బడిపిల్లలు వచ్చిరి. క్లాంప్ అను పేరుతో కలిసి పనిచేయు స్త్రీలు జపానులోని ‘నకయోషి’ యను బాలికల మాసపత్రికలో 1993 మొదలు ఆ కథను ప్రకటించిరి. ముగ్గురు ఆడపిల్లలు మూడు మహాయంత్రములను నడపుచుండగా, వారి ఓడకు అధిపతి కూడ ఒక స్త్రీ. పేరు మిత్సుబా గ్రేవ్యాలీ. మనుమరాలు ఆమె మాటలను చదువుచుండగా, కారపు చేయి పైకెత్తి పట్టుకొని కోడలు గుమ్మము దగ్గర నిలిచెను.

“ఆ ఓడ ఆమెదేనా?” అని అడిగెను.

“ఆమెదేనమ్మా. అందరును ఆమె చెప్పినట్లు వినవలెను.”

“ఇప్పుడేమన్నది?”

మనుమరాలు మరల మొదటినుండి చదువసాగెను. నూనె చల్లారిపోవుచున్నదని నేను రెండుమార్లు కేకవేసితిని.