చేతికందే దూరం

అణు జలాంతర్గామి మీద తెలుగులో నా కంటబడిన రాతల్లో రెండే రసాలు: వీరం, అద్భుతం. 2009 జులై 26న విశాఖలో అరిహంత్ నీళ్లలోకి దిగింది. అది తొలి నిరోధక గస్తీ ముగించుకొచ్చిందని 2018 నవంబరు 5న ప్రధాని ప్రకటించారు. 2024 ఆగస్టు 29న అరిఘాత్ నౌకాదళంలో చేరింది. ప్రతిసారీ ‘మన విశాఖ’ అని మురిసిపోయాం. ఒక్క ప్రశ్న అడగలేదు.

సమర్థించేవాళ్ల వాదన తీసిపారేసేదేం కాదు. ముందుగా అణ్వస్త్రం వాడబోమన్నది 2003 జనవరిలో ప్రభుత్వం ప్రకటించిన విధానం. ముందు కొట్టనని మాటిచ్చినవాడు, దెబ్బ తిన్నాక కూడా కొట్టగలగాలి. నేలమీది క్షిపణిని శత్రువు వెతికి పట్టుకోవచ్చు, సముద్రం అడుగున ఉన్నదాన్ని పట్టుకోవడం కష్టం. ఇక్కడిదాకా ఒప్పుకుంటాను. నా పేచీ తర్వాతి మెట్టు దగ్గర.

నేలమీద మన పద్ధతి వేరని నిపుణులు చెబుతూ వచ్చారు. శాంతికాలంలో వార్‌హెడ్ ఒకచోట శాస్త్రవేత్తల చేతిలో, క్షిపణి ఇంకోచోట సైన్యం చేతిలో. రెంటినీ కలపడానికి పట్టే సమయమే అసలు రక్షణ. జలాంతర్గామిలో ఆ వెసులుబాటు లేదు. రెండూ కలిసి లేకపోతే ఆ గస్తీకి అర్థమే లేదు.

సమయం విలువ మా గుంటూరు, ప్రకాశం పత్తి పల్లెలకి విడమరచి చెప్పక్కర్లేదు. 1987-88లో పంట పోయి, అప్పుల్లో కూరుకుపోయిన రైతులు పురుగు కోసం తెచ్చిన మందుకే బలైపోయారు. డబ్బా చేతికందే దూరంలో ఉందా లేదా అన్నదే చాలాసార్లు చావుకీ బతుక్కీ తేడా. మందు మంచిదా చెడ్డదా అన్న చర్చ ఆ తర్వాత.

మరి సముద్రంలో ఆ దూరం ఎంత? పైనుంచి అనుమతి రానిదే కెప్టెన్ ప్రయోగించలేరంటారు. నీటి అడుగుకి కబురు పంపేది అతి తక్కువ పౌనఃపున్యపు రేడియో కేంద్రాలు. అలాంటి కేంద్రానికే 2024 అక్టోబరు 15న వికారాబాద్ జిల్లా దామగుండం అడవిలో శంకుస్థాపన జరిగింది. చెట్ల మీద, మూసీ మీద చర్చ నడిచింది, న్యాయమైనదే. ఆ టవర్ ఏ ఆదేశం మోయబోతోంది, దాన్ని ఎంతమంది సరిచూస్తారు అన్న మాట మాత్రం వినబడలేదు. పడవ విశాఖలో పుట్టింది, దాన్ని పిలిచే గొంతు దామగుండంలో లేవబోతోంది. అయినా ఇది ఢిల్లీ వ్యవహారమట!

‘దేశ రహస్యం’ అంటారు. తాళం ఎలా చేశారన్నది రహస్యం కావచ్చు. తాళం ఉందా, దానికి జవాబుదారీ ఎవరు అన్నది రహస్యం ఎలా అవుతుంది? నేను పనిచేసే రంగంలో మామూలు డేటాబేస్‌ని చెరిపే అనుమతి ఎవరికుందో కూడా రాసిపెట్టుకుంటాం, ఒకరు రాసిన కోడ్ ఇంకొకరు చూడందే లైవ్‌కి పోదు. బ్రిటన్ తన ట్రైడెంట్ జలాంతర్గాముల కొనసాగింపుని 2016 జులై 18న పార్లమెంటులో ఓటుకి పెట్టింది. 472–117తో నెగ్గింది. దానివల్ల ఆ దేశపు రహస్యమేమీ బయటపడలేదు. ఏ సభ్యుడు ఎటు నిలబడ్డాడో మాత్రం ఓటరుకి తెలిసింది.

రెండు తెలుగు రాష్ట్రాల నుంచి 42 మంది లోక్‌సభకి వెళ్తున్నారు. వార్‌హెడ్ సముద్రంలోకి వెళ్లాక పౌర అధికారం దాని మీద ఎలా నిలుస్తుందో చెప్పమని వాళ్లలో ఒక్కరైనా లేచి అడగాలి. వాళ్లు అడగకపోతే, అడగమని రాయాల్సింది మనమే.