పాత ఫోనుకు తగిన కబురు

నేడు వ్యవసాయ సలహాలు చాలవరకు వాట్సాప్ ద్వారా గ్రామములకు చేరుచున్నవి. ఇది మంచిదే. అయితే కుమారుడు క్రొత్తది కొనుక్కొనగా తండ్రి చేతికి వచ్చిన పాత స్మార్ట్ ఫోనే పలువురు రైతుల వద్ద ఉన్నది. అందులో జాగా తక్కువ. పండుగ శుభాకాంక్షలు, పాటలు, వీడియోలు వచ్చి పడగనే నిండిపోవును. ఆపైన వచ్చిన పురుగుమందు సలహా తెరచుకొనదు. పంపినవారు మాత్రము సలహా అందినదనియే తలచెదరు.

ఇట్టి రైతుతో "క్రొత్త ఫోను కొనుము" అనుట సులభమే. కాని అది ఎరువునకు ఉంచుకొన్న సొమ్ము. ముసలి యెద్దు బండి లాగలేనప్పుడు ముందు బరువు తగ్గించెదము గాని వెంటనే సంతకు తోలము. కబురే ఫోనుకు తగినట్లుండవలెనని నా అభిప్రాయము.

మొక్కజొన్నలో కత్తెర పురుగు సంగతియే చూడుడు. "లీటరు నీటికి 0.4 గ్రాముల ఇమామెక్టిన్ బెంజోయేట్ 5 శాతం ఎస్.జి. కలిపి, ఆకు సుడిలో పడునట్లు పిచికారి చేయవలెను" అని వ్రాసిన చాలును. ఈ ఒక్క వాక్యము ఎంత పాత ఫోనులోనైనను క్షణములో దిగును. దీనినే ఐదు నిమిషముల వీడియోగా పంపినచో, అది తెరచుకొనులోపల పురుగు సుడిలో దూరును. కావున తోటి అధికారులు మోతాదును, అదునును ముందుగా అక్షరములలో వ్రాసి, వీడియోను తరువాత పంపుట మేలు.

రైతులు చేయవలసినదియు కలదు. వాట్సాప్ సెట్టింగులలో ఫొటోలు, వీడియోలు వాటంతటవే దిగకుండ ఆపుకొనవలెను. వారమునకొకసారి అనవసరమైనవి తుడిచివేయవలెను.

ఆండ్రాయిడ్ 5.0 కంటె పాత ఫోన్లకు 2023 అక్టోబరులో వాట్సాప్ వారు మద్దతు మానివేసిరి. మీ ఫోను ఏ రకమో సెట్టింగులలో "ఫోను గురించి" అనుచోట తెలియును. వాట్సాప్ ఆగిపోయినదని, ఎవరో పంపిన ఎ.పి.కె. ఫైలును ఎంతమాత్రము ఎక్కించుకొనరాదు. పి.ఎం. కిసాన్ పేరిట ఇట్టి ఫైళ్లు పంపి బ్యాంకు ఖాతాలలోని సొమ్ము కాజేయువారు ఉన్నారు. పాత ఫోన్లకు రక్షణ సవరణలు రావు గనుక వాటికి ప్రమాదము మరింత ఎక్కువ.

వాట్సాప్ లేనంత మాత్రమున సలహా లేకుండ పోరాదు. కిసాన్ కాల్ సెంటరు నంబరు 1800-180-1551కు ఏ ఫోను నుండియైనను ఉచితముగా మాటలాడవచ్చును. ఉదయము 6 గంటల నుండి రాత్రి 10 గంటల వరకు తెలుగులోనే సమాధానము దొరకును. గ్రామాధికారులు ముఖ్యమైన ప్రతి సలహాను పంచాయతీ నోటీసు బోర్డుపై వ్రాయించి, రచ్చబండ వద్ద చదివి వినిపించవలెను.

సలహా పంపుటతో మన పని తీరదు. పాత ఫోనున్న రైతుకును, అసలు ఫోనే లేని రైతుకును అది అదునులో అందినప్పుడే తీరును.