సిద్ధాంతం సింహాసన మెక్కిన వేళ

మీకు మిక్కిలి ఇష్టమైన సూక్తి ఏదని కుమార్తెలు అడిగినప్పుడు, ప్రతి విషయాన్నీ సందేహించవలెనన్న లాటిన్ సూక్తిని కారల్ మార్క్స్ సమాధానంగా చెప్పాడు. ఆయన 1883లో మరణించాడు. ఆ తర్వాత నిండా నలభై యేండ్లు గడవకముందే ఆయన పేరిట వెలసిన రాజ్యంలో సందేహించడమే నేరమయింది. ఈ వైపరీత్యం ఎట్లా సంభవించింది? కమ్యూనిజాన్ని ఆరాధించేవారూ, ద్వేషించేవారూ కూడ ఈ ప్రశ్నను దాటవేయడం పరిపాటి.

1848లో మార్క్స్, ఎంగెల్సులు వెలువరించిన 'కమ్యూనిస్టు ప్రణాళిక' అధికారంలో ఉన్నవారి గ్రంథం కాదు. అధికారాన్ని నిలదీసిన గ్రంథం. కార్మికుల రాజ్యం ఎట్లా ఉండవలెనో మార్క్స్ వ్రాసింది స్వల్పమే. 1871లో 72 దినాలు మాత్రమే నిలిచిన పారిస్ కమ్యూన్‌లో ఆయన ఒక నమూనాను చూశాడు. ఎన్నికైన ప్రతినిధిని ప్రజలు వెనుకకు పిలువవచ్చును; అతని వేతనం కార్మికుని వేతనాన్ని మించరాదు. లెనిన్ 1917లో 'రాజ్యం - విప్లవం' వ్రాసినప్పుడు ఈ ఆదర్శాలనే స్మరించి, క్రమంగా రాజ్యమే అంతరించునని ఆశించాడు.

ఆ సంవత్సరం నవంబరులోనే అధికారం చేజిక్కింది. డిసెంబరులో చేకా అనే రహస్య పోలీసు వ్యవస్థ ఏర్పడింది. 1918 జనవరిలో, ప్రజలెన్నుకొన్న రాజ్యాంగ పరిషత్తు ఒక్క సమావేశంతోనే రద్దయింది. 1921 మార్చిలో క్రోన్‌స్టాట్ నావికుల తిరుగుబాటును అణచివేశారు. ఆ నెలలోనే పార్టీ పదవ మహాసభ అంతర్గత వర్గాలను నిషేధించింది. అంతర్యుద్ధం, విదేశీ సైన్యాల జోక్యం, ఆకలి, ఇట్లా ప్రతి చర్యకూ ఒక కారణం చూపబడింది. ఆ కారణాలు కల్పితాలు కావు. కాని ఆపత్కాలం గడిచిన పిదప కూడ ఆపద్ధర్మం తొలగలేదు. పత్రికలూ, సభలూ, ఎన్నికలూ లేనిచోట కార్మికుల పాలన కొద్దిమంది నాయకుల పాలనగా మారిపోవునని, విప్లవాన్ని అభిమానించిన రోజా లక్సెంబర్గే 1918లో చెరసాల నుండి హెచ్చరించింది.

1924లో లెనిన్ కన్నుమూశాడు. ఆయన ఆలోచనలను స్టాలిన్ సూత్రాలుగా కట్టి 'లెనినిజం' అన్నాడు. 1938లో వెలువడిన పార్టీ సంక్షిప్త చరిత్ర దేశమంతటికీ పాఠ్యగ్రంథమయింది. ప్రశ్నగా పుట్టిన సిద్ధాంతం చివరకు కంఠస్థం చేయవలసిన పాఠంగా పరిణమించింది!

ఈ పరిణామానికి బలియైనవారిలో మీర్ సయీద్ సుల్తాన్ గలీయేవ్ ఒకడు. రష్యా ముస్లిముల విశ్వాసాలూ, ఆచారాలూ ఇకపై స్వేచ్ఛగా ఉండునని 1917లో లెనిన్, స్టాలిన్‌ల సంతకాలతో ఒక ప్రకటన వెలువడింది. ఆ కాలంలోనే పార్టీలో చేరిన ఈ తాతారు ఉపాధ్యాయుడు, వలసపాలనలో నలిగిన తూర్పు జాతులను విస్మరించిన విప్లవం అసంపూర్ణమని వాదించాడు. 1923లో అతన్ని నిర్బంధించి పార్టీ నుండి బహిష్కరించారు. 1940లో కాల్చి చంపారు. అతడు శత్రువు కాడు; ప్రశ్నించిన సహచరుడు. ఆ జాతుల అరబ్బీ లిపిని 1920 దశకం చివర లాటిన్ లిపిగా, 1940 ప్రాంతంలో రష్యన్ లిపిగా మార్చారు. తాతగారి ఉత్తరాన్ని మనుమడు చదువలేని స్థితి ఎంతటి నష్టమో, రెండు లిపుల నీడన చదువుకొంటున్న మన విద్యార్థులకు వేరుగా చెప్పనక్కరలేదు.

ఈ ప్రభావం మన నేలను కూడ తాకింది. తెలంగాణా సాయుధ పోరాటాన్ని కొనసాగించవలెనా, విరమించవలెనా అని పార్టీలో తర్జనభర్జనలు జరుగుతున్నప్పుడు, 1951 ప్రారంభంలో చండ్ర రాజేశ్వరరావు, మాకినేని బసవపున్నయ్య మరి ఇద్దరు నాయకులతో కలిసి రహస్యంగా మాస్కో వెళ్లి స్టాలినును కలుసుకొన్నారు. ఆ అక్టోబరులో పోరాటం విరమింపబడింది. విరమణకు ఇక్కడి కారణాలు కూడ ఉన్నాయి. అయినప్పటికీ, మన పల్లెల ప్రశ్నకు సమాధానం క్రెమ్లిన్‌లో వెదుకవలసి వచ్చిందంటే, సిద్ధాంతానికి భాష్యం చెప్పే హక్కు ఎవరి చేతిలో ఉండిందో తెలుస్తున్నది.

సోవియట్ రాజ్యం అక్షరాస్యతను వ్యాపింపజేసింది. స్త్రీలకు విద్యాద్వారాలు తెరిచింది. హిట్లరు సైన్యాలను ఓడించడంలో అపారమైన త్యాగం చేసింది. వీటిని కాదనడం కృతఘ్నత. కాని తప్పును తప్పని చెప్పే నోళ్లను మూసిన వ్యవస్థకు తన తప్పులు తనకు తెలియకుండా పోయాయి. పార్టీ నాయకత్వాన్ని శాసనబద్ధం చేసిన 1977 రాజ్యాంగం ఆరవ అధికరణాన్ని 1990లో సవరించవలసి వచ్చింది. 1991లో ఆ రాజ్యమే అంతరించింది, లెనిన్ ఊహించిన విధంగా మాత్రం కాదు.

విద్యార్థులారా, మార్క్సును చదవండి. ఆయన కోరినట్లే సందేహిస్తూ చదవండి. ఏ సిద్ధాంతమైనా ఎంత గొప్పదో దాని వాగ్దానాలను బట్టి కాక, దానిని ప్రశ్నించినవానికి అది ఏ స్థానమిచ్చిందో దానినిబట్టి నిర్ణయించండి.