శిక్ష వేయడానికి మన ఊళ్లేనా?

బదిలీ ఆర్డరు చేతికొచ్చిన నాడు పలుకుబడి ఉన్న ఉద్యోగి ఎమ్మెల్యే ఇంటికి పోతడు. అక్కడ పని కాకపోతే హైదరాబాద్‌ల వకీలును పట్టుకుంటడు. ఏ అండా లేని దళిత అటెండరు మాత్రం పెట్టె సర్దుకుంటడు. ఈ తేడా గురించే మనం మాట్లాడుకోవాలె.

2016 అక్టోబరులో మన కరీంనగర్, ఆదిలాబాద్ జిల్లాలను ముక్కలు చేసిండ్రు. 2018 రాష్ట్రపతి ఉత్తర్వులతో కొత్త జిల్లా, జోన్ కేడర్లు వచ్చినయి. ఉన్న ఉద్యోగులను వాటికి పంచడానికి 2021 డిసెంబరు 6న 317 జీవో తెచ్చిండ్రు. స్థానికతను పక్కకు పెట్టి సీనియారిటీనే కొలబద్ద చేసిండ్రు. సీనియర్లు కోరుకున్న జిల్లా తీసుకుంటే, జూనియర్లు పుట్టిన జిల్లా వదిలి మిగిలిన చోటికి పోయిండ్రు. భార్య ఒక జిల్లా, భర్త ఒక జిల్లా అయిన ఇండ్లు ఎన్నో. టీచర్లు రోడ్డెక్కిండ్రు, హైకోర్టుకు పోయిండ్రు. 2024లో మంత్రివర్గ ఉపసంఘం వేసి, నవంబరు ఆఖరున భార్యాభర్తలకు, రోగులకు, పరస్పర బదిలీలకు దారి ఇచ్చిండ్రు. అది కూడా అడిగి, కొట్లాడితేనే వచ్చింది.

మరి కోర్టు ఏమంటది? 1990లో శిల్పి బోస్ కేసులో, 1993లో అబ్బాస్ కేసులో సుప్రీంకోర్టు తేల్చి చెప్పింది. బదిలీ నౌకరీలో భాగం. ఎవరిని ఎక్కడ వేయాలన్నది అధికారుల పని. చట్టబద్ధమైన నిబంధన తప్పినప్పుడో, దురుద్దేశం రుజువైనప్పుడో తప్ప కోర్టు చెయ్యి పెట్టదు. ఉత్త మార్గదర్శకాలు తప్పినయంటే చాలదు. కానీ 2008లో సోమేశ్ తివారీ కేసులో, శిక్షకు బదులుగా చేసిన బదిలీ చెల్లదని అదే కోర్టు చెప్పింది. ప్రశ్నించినందుకు బదిలీ అయిన మనవాళ్లకు ఉన్న తలుపు ఇదే.

ఆ తలుపు తెరవాలంటే కాగితం కావాలె. కులం పేరుతో అవమానించిండని ఫిర్యాదు చేస్తే నకలు దాచుకోండి, ముట్టినట్టు సంతకం తీసుకోండి. ఫిర్యాదు తారీఖు, బదిలీ తారీఖు పక్కపక్కన పెట్టి చూపాలె. దురుద్దేశం ఎవరిదంటున్నమో ఆ అధికారిని పేరుతో ప్రతివాదిగా చేర్చాలె. స్టే లేకుండ ఇంట్ల కూసుంటే క్రమశిక్షణ చర్య మెడకు చుట్టుకుంటది. అర్జీ రాతపూర్వకంగా ఇచ్చి, ఆర్డరు పాటిస్తూనే కొట్లాడాలె.

ఇక మన ఇంటి మాట. ‘పనిష్మెంటు కింద తిర్యాణికి వేసిండ్రు, ఉట్నూరుకు తోలిండ్రు’ అని మన సంఘాల మీటింగుల్లో కూడా అంటున్నరు. ఆ ఊళ్లల్ల పిల్లలు ఏం నేరం చేసిండ్రు? గోండు, కొలాం గూడేల బడి ఒకరికి శిక్ష అయితే, ఆ బడిల చదివే పిల్లకు అది ఏమైతది? శిక్షగా వచ్చినోడు పొద్దున లేస్తే పోయే దారే వెతుకుతడు. అన్యాయమైన బదిలీ మీద మనం కొట్లాడుదం. ఆ కొట్లాటల గూడెం బడి ఖాళీ కాకుండ కూడా చూసుకుందం. మనం చదివి నౌకరీల కొచ్చింది పట్నంల సీటు కోసమే కాదు.

మా డిమాండు సూటిది. ప్రతి శాఖల ఖాళీల జాబితా గోడ మీద పెట్టాలె. బదిలీలు అందరి ముందు కౌన్సెలింగ్‌తో జరగాలె. ఫిర్యాదు విచారణ తేలేదాక ఫిర్యాదు చేసినోన్ని కదిలించొద్దు. ఏజెన్సీల పనిచేసినోనికి గౌరవం, ఇల్లు, తిరిగి వచ్చే గడువు ఖాయం చేయాలె.

బదిలీ పాలనకు పనిముట్టు కావాలె గాని, మన వీపు మీద కట్టె కావొద్దు.

జై భీమ్!