సగము చెప్పిన చరిత్రము

మహనీయుల జీవితచరిత్రములను బాలుర చేత చదివించుట సర్వదేశములందును గల సదాచారము. అయితే ఆ చరిత్రములందు దేనిని చెప్పుచున్నాము, దేనిని విడిచిపెట్టుచున్నాము అను విచారము గ్రంథకర్తలకును ఉపాధ్యాయులకును ఉండవలయును. ఆ విచారము లోపించినచో పిల్లల చేతికి మహనీయుల పేరు మాత్రము అందును గాని మహనీయత యందదు.

ఇందులకు గట్టి నిదర్శనము హెలెన్ కెల్లరు చరిత్రము. ఈమె 1880 జూన్ 27వ తేదీన అమెరికాలోని అలబామా రాష్ట్రమున జనించి, పందొమ్మిది నెలల ప్రాయమున జబ్బుచే చూపును, వినికిడిని కోల్పోయినది. పిల్లల పుస్తకములలో నీమె కథ ప్రాయికముగ నొకే తీరున నడచును. 1887లో ఆన్ సల్లివాన్ అను ఉపాధ్యాయిని వచ్చును. పంపు నీరు బాలిక చేతిపై పడుచుండగ, గురువు రెండవ చేతిలో ‘నీరు’ అను మాటను వ్రేళ్లతో వ్రాయును. ప్రతి వస్తువునకును ఒక పేరు కలదను జ్ఞానము ఆ శిశువునకు ఉదయించును. ఆపైన 1904లో పట్టభద్రురాలయ్యెనని ఒక వాక్యము. పట్టుదల యున్న సాధింపరానిది లేదని ఒక నీతి. అంతటితో పుస్తకము సమాప్తము.

ఆ పంపు నొద్ది ఘట్టము రమణీయమే. దానిని తీసివేయుడని మేమనుట లేదు. కాని అప్పటికి ఆమెకు ఏడేండ్లు నిండలేదు. ఆమె 1968 వరకు జీవించినది. తక్కిన ఎనుబది యేండ్లును ఎచ్చటికి పోయినవి? అల్లూరి సీతారామరాజు బాల్యమును, చదువును వర్ణించి, 1922 నాటి మన్యపు తిరుగుబాటును విడిచిన గ్రంథమును ఆంధ్రులు రామరాజు చరిత్రమని యంగీకరింతురా?

విడిచిపెట్టిన భాగము సామాన్యమైనది కాదు. పుట్టిన బిడ్డల కన్నులలో సకాలమున మందుచుక్క వేసినచో అనేకుల అంధత్వము తప్పునని, సిగ్గుచే లోక మా వ్యాధి పేరెత్తకుండుట పాపమని ఆమె 1907లో స్త్రీల పత్రికయందు నిర్భయముగ వ్రాసినది. 1909లో సామ్యవాద పక్షమున చేరినది. స్త్రీలకు వోటుహక్కు కావలెనని పోరాడినది. 1916లో న్యూయార్కు సభలో, యుద్ధమునకు సహకరింపవలదని శ్రామికులకు ప్రబోధించినది. ఆ సంవత్సరముననే నల్లజాతి ప్రజల హక్కుల సంఘమునకు ధనమంపి, తన జన్మభూమియైన దక్షిణరాష్ట్రముల యందలి అన్యాయమును బహిరంగముగ గర్హించినది. 1920లో పౌరహక్కుల సంఘమును స్థాపించినవారిలో నామె యొకతె. 1933లో జర్మనీయందు నాజీలు తగులబెట్టిన గ్రంథములలో నామె గ్రంథమును గలదు. 1948లో హిరోషిమా, నాగసాకి నగరములను దర్శించినది. 1955లో మన దేశమునకు వచ్చి నెహ్రూను కలిసికొన్నది. ఢిల్లీ విశ్వవిద్యాలయ మామెకు గౌరవపట్ట మొసగినది.

ఆమె సామ్యవాది యయినంతనే, పూర్వము పొగడ్తలతో ముంచెత్తిన యొక పత్రికాసంపాదకుడు, ఆమె పొరపాట్లకు అంగవైకల్యమే కారణమని వ్రాసెను. దానికి 1912లో ఆమె తగిన ప్రత్యుత్తర మిచ్చినది. గ్రుడ్డిదై చదువుకొన్నంతవరకు అద్భుతము. గ్రుడ్డిదై రాజ్యవ్యవహారమును ప్రశ్నించినచో అపరాధము! పిల్లల పుస్తకములు నేటికిని ఆ సంపాదకుని త్రోవనే నడచుచున్నవి.

దీనివలన నష్టమేమియని అడుగవచ్చును. విశాఖపట్టణమున సముద్రపు టొడ్డున నున్న జాలరిపేటలో చెవులు వినరాని, కన్నులు కానరాని యొక బాలిక యున్నదనుకొందము. తండ్రి పడవపై వేటకు పోవును. తల్లి చేపలగంప నెత్తుకొని వీధులు తిరుగును. కనులతో గాక వ్రేళ్లతో గాలపుత్రాటి కదలికను గ్రహించుట ఆ తండ్రికి కొత్త విద్య కాదు. చేతిలో వ్రాసిన అక్షరమును బిడ్డ గ్రహింపగలదన్న ఆయన ఆశ్చర్యపడడు. ఆ యింట పట్టుదలకు కొరతలేదు, కొరత గురువునకు. పట్టుదలయే సర్వమను పుస్తకము ఆ తల్లిదండ్రులకు చెప్పున దేమి? నీ బిడ్డ పైకి రాలేదన్న తప్పు నీది, నీ బిడ్డది అని కాదా? కెల్లరు తండ్రికి భూమియు, పలుకుబడియు గలవు. గురువును ఇంటికి పిలిపించుకొనగలిగెను. పైకి వచ్చు శక్తి అందరికి అందుబాటులో లేదని, తాను పూర్వము తెలియక మాటలాడితినని 1929 నాటి గ్రంథమున ఆమెయే యొప్పుకొన్నది. ఇంతటి సత్యవాక్కును పిల్లలకు దాచుట యెందులకు?

గురువు కథయు నిట్లే మరుగుపడినది. ఆన్ సల్లివాన్ బీదల బిడ్డ. బాల్యముననే ట్రకోమా యను కంటిజబ్బు సోకి చూపు చెడినది. 1876లో తమ్మునితో గూడ అనాథశాలకు చేరినది. తమ్ము డక్కడనే మరణించెను. ముఖము కడుగుకొనుటకు నీరు చాలని ఇరుకు ఇండ్లలో ప్రబలు వ్యాధి యది. మన దేశమున ప్రజారోగ్య సమస్యగా అది తొలగినదని ప్రపంచ ఆరోగ్యసంస్థ 2024లో ప్రకటించినది. అది ఒకరి పట్టుదల ఫలము గాదు. మందు, నీరు, శుభ్రత ఇంటింటికి చేర్చిన సమష్టికృషి ఫలము. ‘నీరు’ అను మాట నేర్చిన శిశువు కథతోపాటు, నీరు లేక కన్నులు పోగొట్టుకొన్న బీదల కథయు చెప్పినగాని పాఠము పూర్తిగాదు.

ఇట్టి రాజకీయము పిల్లల కర్థము కాదందురు. ఉక్కు కర్మాగారము దయాభిక్షగా రాలేదని, 1966లో ఆంధ్రులు హక్కుగా కోరి, 32 మంది ప్రాణములర్పించిన పిమ్మట వచ్చెనని విశాఖ పిల్లలకు తాతలు చెప్పుచునే యున్నారు. హక్కునకు, దయకు గల భేదము వారికి చిన్ననాడే తెలియును. 1995 నాటి చట్టము చెవిటితనమును, గ్రుడ్డితనమును వేరువేరుగ గుర్తించెనే గాని, రెండును గూడిన స్థితిని పేర్కొనలేదు. 2016 నాటి దివ్యాంగుల హక్కుల చట్టము దానిని చేర్చినది. ఆరు మొదలు పదునెనిమిది యేండ్ల వరకు ఉచితవిద్య హక్కని చెప్పినది. చట్టము పుస్తకమున నున్నది. వ్రేళ్లతో మాటలాడగల గురువు ఆ బాలిక యింటి గడప తొక్కినప్పుడే అది అమలులోనికి వచ్చినట్లు.

కెల్లరును దేవతను చేయుడని మేము కోరము. అంగవైకల్యముతో పుట్టిన యొక శిశువును బ్రతికింపకుండుటను ఆమె 1915లో సమర్థించినది. అది ఘోరమైన పొరపాటు. ఎదిగిన పిల్లలకు దానినిగూడ చెప్పవచ్చును. పూజ కన్న పరిచయము మేలు.

తెలుగున పిల్లలకై వ్రాయువారికి మా విన్నపమిది: పంపు నొద్ద కథ నాపకుడు. అక్కడ నేర్చిన మాటలతో ఆమె లోకముతో ఏమి పలికెనో, ఎవరి పక్షమున పలికెనో చెప్పుడు. ఆ పుస్తకమును బ్రెయిలీలోను అచ్చొత్తింపుడు. జాలరిపేట బిడ్డ దానిని చదివి, లేదా చేతిలో వ్రాయించుకొని, తనకు రావలసిన గురువు ఏడీయని అడిగిన నాడు మన బాలసాహిత్యము సార్థకమగును.