డీఎల్ఎల్ వేస్తే పాట బాగుపడుతుందా?

"ఆ ప్లగిన్ వేసుకో బాబాయ్, ఘంటసాల మన హాల్లో కూర్చుని పాడినట్టుంటుంది" అన్నాడు మొన్న మా బంధువులబ్బాయి. వాడొక్కడే అయితే నవ్వి ఊరుకునేవాణ్ణి. కంప్యూటర్లో పాటలు వినేవాళ్లలో సగం మందికి ఇది వేదవాక్కు. ప్లేయర్‌దేముంది, మహిమంతా అందులో పడేసే ప్లగిన్ ఫైలు, అంటే డీఎల్ఎల్‌దేనట!

ఏమిటా మహిమ? 1997లో జస్టిన్ ఫ్రాంకెల్ విన్యాంప్ అనే ప్లేయర్ తెచ్చాడు. దాని ప్లగిన్స్ ఫోల్డర్ తెరిస్తే ఫైళ్ల పేర్లే వాటి ఉద్యోగాలు చెప్పేస్తాయి. 'ఇన్' అని మొదలయ్యేది పాట ఫైలును విప్పుతుంది, 'అవుట్'ది సౌండ్ కార్డుకు పంపుతుంది, 'విస్'ది తెర మీద రంగులాడిస్తుంది. మధ్యలో శబ్దాన్ని కెలికేది 'డీఎస్పీ'. ఎంపీ3ని ఎలా విప్పాలో ప్రమాణంలో ముందే ఖరారైంది. దాన్ని సరిగ్గా పాటించే ఏ డీకోడరైనా ఒకే ఫైలు నుంచి ఇంచుమించు అవే అంకెలు తీస్తుంది. ఇక "ఈ ఇన్‌పుట్ ప్లగిన్‌లో గొంతు తియ్యగా ఉంది" అనేవాళ్లతో వాదన దేనికి?

నా కోపమంతా డీఎస్పీల మీద. 'ఎన్‌హాన్సర్', 'త్రీడీ సరౌండ్', 'సూపర్ బాస్', ఎన్ని బిరుదులో! బటన్ నొక్కగానే పాట లేచొచ్చినట్టు ఉంటుంది. ఎందుకుండదు? చాలావాటిలో మొదట జరిగేది సౌండ్ పెరగడమే. కాస్త గట్టిగా వినిపించిందల్లా మన చెవికి బాగున్నట్టే తోస్తుంది. కానీ 16 బిట్ల శబ్దంలో ఒక శాంపిల్ ఎక్కగలిగిన గరిష్ఠ అంకె 32,767. పాటలో 20,000 దగ్గరున్న శిఖరాన్ని ఆరు డెసిబెల్స్ పెంచితే రెట్టింపై సుమారు 40,000 కావాలి. అంత చోటేదీ? 32,767 దగ్గర నెత్తి తెగి చదునవుతుంది. ఆ తెగిన చోట పుట్టే గరగరకే మనవాళ్లు 'పంచ్' అని పేరు పెట్టారు.

సరౌండ్ సంగతి ఇంకా ఘోరం. ఘంటసాల 1974లో కన్నుమూశారు. ఆయన సినిమా పాటల్లో అత్యధికం మోనో. అంటే కుడి, ఎడమ స్పీకర్లలో వచ్చేది ఒకే శబ్దం. శబ్దాన్ని వెడల్పు చేస్తామనే ప్లగిన్లు ఎక్కువగా ఎడమలోంచి కుడిని తీసేసి, మిగిలిన తేడాను పెంచుతాయి. మోనో పాటలో ఆ తేడా సున్నా కావాలి. పాత రికార్డునో క్యాసెట్‌నో స్టీరియోలో కంప్యూటర్లోకి ఎక్కిస్తే ఆ తేడాలో మిగిలేది ప్రధానంగా గీతల చిటపట, టేపు బుస. అంటే ఈ మహానుభావులు పెంచేది ఘంటసాలను కాదు, దుమ్మును! అది చాలనట్టు ప్రతిధ్వని కలిపి, స్టూడియోలో మైకు ముందు నిలబడి పాడిన మనిషిని నూతిలోకి దించుతారు. దాన్ని 'ఫీల్' అంటారు.

128 కేబీపీఎస్ ఎంపీ3 ఫైలు కథ వేరే చెప్పనక్కర్లేదు. సీడీలో సెకనుకు 1,411 కిలోబిట్లుండేదాన్ని దాదాపు పదకొండో వంతుకు కుదించారు. పోయింది పోయింది. పైస్థాయిలోని తళతళలు 'తిరిగి తెస్తాం' అనే ప్లగిన్ వాటిని అప్పటికప్పుడు కల్పిస్తుంది. నేతిబీరలో నెయ్యి.

ఇంకోటి. ఆ డీఎల్ఎల్ ఎక్కణ్ణుంచి తెస్తున్నారు? ఎవడు పెట్టాడో తెలియని చోటు నుంచి. అదేమీ పాట ఫైలు కాదు, ప్రోగ్రాము. ప్లేయర్ తెరవగానే దాని లోపలే నడుస్తుంది, ప్లేయర్‌కున్న హక్కులన్నీ దానికీ ఉంటాయి. ఇంటి తాళాలు పరాయివాడికి ఇవ్వనివాళ్లు బ్యాంకు కాగితాలున్న కంప్యూటర్లో దీన్ని నిశ్చింతగా పడేస్తారు.

ఏఎస్‌ఐఓ అనే అవుట్‌పుట్ పద్ధతి ఉంది కదా, విండోస్ మిక్సర్‌ను దాటేస్తుంది కదా అంటారా? రికార్డింగ్ చేసేవాళ్లకు అది అవసరమే. పడగ్గదిలో రెండు చిన్న స్పీకర్లు పెట్టుకున్నవాళ్లకు దాంతో పనేమిటి?

ప్లగిన్లన్నీ దండగని కాదు. ఫ్లాక్ ఫైళ్లనీ, పాత వీడియో గేముల సంగీతాన్నీ ప్లేయర్లు పాడాయంటే ఇన్‌పుట్ ప్లగిన్ల పుణ్యమే. 2001లో వచ్చిన మిల్క్‌డ్రాప్ రంగులాట నాకిప్పటికీ ఇష్టం. అది కళ్లకే పని చెబుతుంది, పాట జోలికి పోదు.

ఫూబార్2000 అనే ప్లేయర్ తయారు చేసిన పీటర్ పావ్లోవ్‌స్కీ ఒకప్పుడు విన్యాంప్ కంపెనీకి పనిచేసినవాడే. తమ ప్లేయర్ మిగతావాటికంటే బాగా వినిపించదనీ, జనం విన్నామనుకునే తేడాలు చాలావరకు భ్రమేననీ ఆ ప్లేయర్ ప్రశ్నోత్తరాల్లోనే రాసి ఉంది. దానికి ఏబీఎక్స్ అనే ప్లగిన్ కూడా ఉంది. రెండు ఫైళ్లలో మోగుతున్నది ఏదో చెప్పకుండా వినిపించి, కనుక్కోమంటుంది. ఎన్‌హాన్సర్ భక్తులు పాటను తమ ఎన్‌హాన్సర్‌తో మార్చి సేవ్ చేసుకుని, రెండిటి సౌండూ సమానం చేసి, అప్పుడు ఏది బాగుందో చెప్పాలి. మా వాణ్ణి కూర్చోమన్నాను. పనుందని వెళ్లిపోయాడు.

మరి పాత పాట బాగా వినాలంటే? మంచి కాపీ వెతుక్కోవాలి. దొరక్కపోతే ఉన్నదే వినాలి. ఆ డీఎస్పీని తీసేసి ప్లేయర్ మళ్లీ తెరవండి. సౌండ్ తగ్గిందనిపిస్తే స్పీకర్‌కు ఒక నాబ్ ఉంటుంది, తిప్పండి.